43 సైజు సైక్లింగ్ షూ కూడా ఫెయిలే, చిటికెన వేలి లెక్క తేలలేదు

ములుగు రోడ్డు మీద మల్లంపల్లి దగ్గర పడేసరికి కుడికాలి చిటికెన వేలు, దాని పక్క వేలు మళ్లీ మొద్దుబారాయి. 42 సైజు సైక్లింగ్ షూతో 30 కిలోమీటర్లకే మొదలయ్యేది. 43 ఇంకో ఏడెనిమిది కిలోమీటర్లు ఆపింది, అంతే. ఎడమకాలికి ఏ బాధా లేదు. మోకాలి నొప్పి కూడా క్లీట్ (షూ అడుగున బిగించి పెడల్‌కు తగిలించే ముక్క) కొద్దిగా తిప్పాక పోయింది.

కొలతలు ఇవి. కుడి: పొడవు 262 మి.మీ., వేళ్ల మొదలు దగ్గర వెడల్పు పొద్దున 103, రైడ్ అయిపోయాక 106. ఎడమ: 258, పొద్దున 101. అసలు తప్పు ఇక్కడే జరిగింది. షూ ఎంచింది పొద్దుటి కొలతతో, అదీ పొడవు ఒక్కటే చూసి. మన ఎండల్లో రెండు గంటలు తొక్కితే పాదం ఉబ్బకుండా ఉంటుందా?

రెండు షూల లోపల పాదం కింద పరిచే ఇన్‌సోళ్లూ బయటికి లాగి పక్కపక్కన పెడితే సంగతి అర్థమైంది. చెమటకు నల్లటి ముద్రలు పడి ఉన్నాయి. 42లో చిటికెన వేలి ముద్ర సగమే ఉంది, మిగతా సగం అంచు దాటి షూ గోడ మీదికి ఎక్కింది. 43లో బొటనవేలి ముందు 13 మి.మీ. ఖాళీ, కానీ చిటికెన వేలి ముద్ర అంచు మీదే. ఒక సైజు పెరిగితే పొడవు 6.67 మి.మీ. పెరుగుతుంది, వెడల్పు ఏ రెండు మిల్లీమీటర్లో. పైగా పాదంలో వెడల్పైన చోటు, షూలో వెడల్పైన చోటు ఒకదానికొకటి తప్పాయి. క్లీట్ రంధ్రాలు ముందుకు జరిగిపోయి, క్లీట్‌ను గాడి చివరిదాకా వెనక్కి లాగాల్సి వచ్చింది. పెడల్ పైకి లాగినప్పుడు మడమ లేస్తోంది. దాన్ని ఆపడానికి షూ మీది డయల్ తిప్పి బిగిస్తే ముందు భాగమూ బిగుస్తోంది, మళ్లీ తిమ్మిరి.

ఈ మధ్యలో చేసినవి: 5 మి.మీ. ఇన్‌సోల్ తీసి 3 మి.మీ.ది వేస్తే కాస్త నయం. పల్చటి సాక్సు వల్ల తేడా ఏమీ లేదు. వేళ్ల ఎముకల వెనక పెట్టే మెత్తటి ప్యాడ్‌తో ఇంకా చెడింది, ఉన్న చోటే తక్కువైతే అందులో ప్యాడ్ కూడానా! క్లీట్ 4 మి.మీ. వెనక్కి జరిపితే మంట తగ్గింది, మొద్దుబారడం తగ్గలేదు. క్లీట్ బోల్టుల ఒత్తిడేమో అని కూడా అనుమానం వచ్చింది, కానీ నొప్పి అరికాలి మధ్యలో కాదు, బయటి అంచున. కాబట్టి గోడే నొక్కుతోంది.

వెడల్పు పాదానికి ఒకే డయల్ ఉన్న షూ కన్నా కింద విడిగా వెల్క్రో పట్టీ ఉన్నదే మేలు. ముందు వదులుగా, పైన బిగుతుగా పెట్టుకోవచ్చు. సిడి కంపెనీ మామూలు షూ అచ్చు ఇలాంటి పాదానికి సన్నం, దాని జోలికి పోవద్దు. లేక్ కంపెనీ వైడ్ (వెడల్పు రకం) బాగుంటుంది గానీ ధర చూస్తే కళ్లు తిరుగుతాయి.

హన్మకొండలో తొడిగి చూసి కొనే వీలు తక్కువ, తెప్పించుకోవాల్సిందే. అందుకని ఈసారి పద్ధతి మార్పు. సాయంత్రం తొక్కి వచ్చాక గోడకు మడమ ఆనించి, అట్ట మీద పెన్సిల్ నిలువుగా పట్టి రెండు పాదాలూ గీయాలి. అట్ట కత్తిరించి, వచ్చిన షూలోంచి తీసిన ఇన్‌సోల్ మీద పెట్టాలి. పక్కకు 2 మి.మీ. కన్నా ఎక్కువ బయటికొస్తే పెట్టె అక్కడే మూసేయాలి. సరిపోతే క్లీట్ బిగించకుండానే, నేల మీద దుప్పటి పరిచి అరగంట తొడిగి ఉండాలి. క్లీట్ గీత పడ్డ షూ వాపసు పోదు.

తర్వాతి వంతు షిమానో వైడ్, 42. వాళ్ల చార్టులో 42 అంటే 26.5 సెం.మీ., ముందు 3 మి.మీ. మిగులుతుంది. జర తక్కువే. వేలు తగిలితే 43 వైడ్, మడమ దగ్గర లోపల పల్చటి ఫోమ్ ముక్క అంటించి చూడాలి. ముందు పాకాల దాకా, అక్కడిదాకా వేళ్లు మొద్దుబారకపోతే రామప్ప.