నాలుగు వారాల గడువు తెచ్చుకోడానికి పడ్డ పాట్లు

పక్కాయన గోడ మొదలుపెట్టిన రోజు నుంచి మా అమ్మ ఇటుక వరసలు లెక్కపెట్టేది. మా హద్దులోకి మూడడుగులు వచ్చి కడుతున్నాడని మా వాదన. దావా వేశాం, దాంతోపాటే గోడ పని ఆపించే ఇంజంక్షన్ కోసం ఐఏ (దావా తేలేలోపు వేసే మధ్యంతర పిటిషన్). అవతలివాళ్ల మాట వినకుండా ఆర్డరు ఇవ్వనని జడ్జిగారు నోటీసు ఇవ్వమన్నారు. అందులో తప్పు పట్టేదేమీ లేదు.

ఆ తర్వాతే వాయిదాలు. ఓసారి నోటీసు అందలేదు. ఓసారి వకాల్తాకి (అవతలి లాయరు నియామక పత్రానికి) టైము. కౌంటరుకి (వాళ్ల రాతపూర్వక జవాబుకి) టైము, మళ్లీ కౌంటరుకే టైము. ఒకరోజు జడ్జిగారు సెలవు, ఇంకోరోజు లాయర్ల బాయ్‌కాట్. తొమ్మిది నెలలు గడిచాయి. దావా నాటికి మోకాలెత్తున్న గోడ కిటికీ దాటింది.

ఇందులో ఒక తమాషా ఉంది. అవతలివాళ్ల మాట వినకుండానే ఎక్స్‌పార్టీ ఆర్డరు ఇస్తే, ఆ పిటిషన్‌ను 30 రోజుల్లో తేల్చడానికి ప్రయత్నించాలని సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) 39వ ఆర్డరు 3ఎ రూలు చెబుతుంది. ఆర్డరే రాని మాకు ఆ గడువూ లేదు.

"గెలిపించమని కాదు బాబూ, తేల్చమని అడుగుదాం" అని మా ప్లీడరుగారే హైకోర్టు మాటెత్తారు. కింది కోర్టులపై హైకోర్టుకు పర్యవేక్షణ అధికారమిచ్చే రాజ్యాంగం 227వ అధికరణం కింద సీఆర్పీ (సివిల్ రివిజన్ పిటిషన్). కింది జడ్జిగారికి కోపమొస్తుందేమోనని నాకు టెన్షన్. "ఆయనకిది మామూలే" అన్నారాయన.

అన్నిటికన్నా ముఖ్యం డాకెట్ షీటు సర్టిఫైడ్ కాపీ. ఏ తేదీన ఎందుకు వాయిదా పడిందో అందులో ఉంటుంది. చూస్తే ఒక వాయిదా మేం అడిగిందే, ఆరోజు ప్లీడరుగారికి జ్వరం. హైకోర్టు లాయరుగారు దాన్ని దాచకుండా అఫిడవిట్‌లో రాశారు. ఇంకో హెచ్చరిక కూడా చేశారు: అసాధారణ పరిస్థితుల్లో తప్ప వేరే కోర్టుల్లోని కేసులకు గడువులు పెట్టొద్దని సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల ధర్మాసనం 2024 ఫిబ్రవరి 29న చెప్పిందట. అందుకని తేదీలవారీగా గోడ ఫొటోలు జతచేశాం. అమ్మ లెక్క అక్కడ పనికొచ్చింది.

నేలపాడులోని హైకోర్టులో మా ఐటమ్ వచ్చేసరికి మధ్యాహ్నమైంది. జడ్జిగారు మొదట అడిగింది, "మీరెన్ని వాయిదాలు అడిగారు?" అనే. "ఒకటి" అన్నారు మా లాయరు. రెండు నిమిషాల్లో అడ్మిషన్ స్టేజిలోనే (పిటిషన్ తీసుకోవాలా వద్దా అని చూసే దశలోనే) అయిపోయింది. కేసు మంచిచెడ్డల జోలికి పోకుండా, నాలుగు వారాల్లో చట్టప్రకారం ఐఏ తేల్చమని ఆర్డరు.

కాపీ తెచ్చి మెమోతో కింది కోర్టులో వేశాం. మూడో వారంలో వాదనలు. ఆరోజు మా పిటిషన్ ముందుకు రావడంతో ఒక ముసలాయన ఈపీ (వచ్చిన తీర్పు అమలు కోసం వేసే పిటిషన్) వచ్చే నెలకి పోయింది. వరండాలో నా దగ్గరికొచ్చి, "ఆ హైకోర్టు కాగితానికి ఎంతవుతుంది నాయనా?" అని అడిగాడు. చెప్పాను. సంచీ భుజాన వేసుకుని బస్టాండు వైపు వెళ్లిపోయాడు. ఆర్డరు చేతికొచ్చిన సంతోషం కన్నా అదే ఎక్కువ గుర్తుంది నాకు.

మాకొచ్చింది స్టేటస్ కో. ఇక గోడ పెరగదు, అలాగని కూలదు కూడా. పక్కాయన దానిమీద లుంగీలు ఆరేస్తున్నాడు. హద్దు కొలిపించడానికి అడ్వకేట్ కమిషనర్‌ను (కోర్టు తరఫున వెళ్లి చూసే లాయరును) వేయమని మొన్న ఇంకో ఐఏ వేశాం. మొదటి వాయిదా పడింది: కౌంటరుకి టైము.