అన్నిటికీ ‘యెస్’ కొట్టేశాడు

పన్నెండు కావస్తోంది. ఆయన రెండుసార్లు లేచొచ్చి లైటు వంక చూసి వెళ్లారు. ఇది రాసేస్తే గానీ నాకు నిద్ర పట్టదు.

సాయంత్రం పెళ్లికార్డుల సాఫ్ట్‌వేర్ నొక్కితే తెరుచుకోలేదు. ‘ఎంఎస్‌కామ్‌సీటీఎల్ డాట్ ఓసీఎక్స్’ అనే ఫైలు లేదో, చెడిందో అని చిన్న డబ్బా ఒకటి వచ్చింది. అదీ డీఎల్ఎల్ వంశమే, అంటే నాలుగు సాఫ్ట్‌వేర్లు పంచుకుని వాడుకునే ఉమ్మడి ఫైళ్ల వంశం, ఇంటిపేరు వేరు. కాశీనగర్ వాళ్ల కార్డు, ఒక పక్క ఒడియా, ఒక పక్క తెలుగు. పొద్దున్న తొమ్మిదికి ప్రూఫ్ చూపిస్తానన్నాను.

ఎవరు కెలికారో అడగక్కర్లేదు. “అత్తా, సి డ్రైవ్ నిండిపోతే పాత బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ పీకేశాను” అని మా మేనల్లుడు మధ్యాహ్నమే చెప్పాడు, మెడల్ ఇవ్వాలన్నట్టు. ఈ ఉమ్మడి ఫైలు ఇంకెవరూ వాడట్లేదు, తీసేయనా అని కంప్యూటర్ అడిగిందట. వీడు ‘యెస్ టు ఆల్’ కొట్టాడు. అన్నిటికీ యెస్ ఏమిట్రా! వంకాయలకి పంపినా అంతే, కొట్టువాడు ఏది పోస్తే అదే సంచిలో వేసుకొస్తాడు.

రిపేరు అబ్బాయికి ఫోన్ చేస్తే “ఫార్మాట్ కొట్టేద్దాం మేడమ్” అన్నాడు. ప్రింటర్లో కాగితం ఇరుక్కున్నా వాడిది అదే మందు. నా ఒడియా ఫాంట్లు, ఏడేళ్ల డిజైన్లు మళ్లీ ఎవడు సర్దుతాడు? ఆ కోపంలోనే నేను కూర్చున్నాను.

అటక మీంచి పాత కంప్యూటర్ దింపించి, అందులోని డీఎల్ఎల్‌లూ ఓసీఎక్స్‌లూ ఒక ఫోల్డర్లోకి లాగాను. నలభై మూడు. ఒక్కోదాని మీదా రైట్ క్లిక్, ప్రాపర్టీస్, డీటెయిల్స్. ఎవరు చేశారో, ఏ వెర్షనో అక్కడ ఉంటుంది. మైక్రోసాఫ్ట్‌వి ఒక వరస, ప్రింటర్‌వి ఒక వరస, కార్డు సాఫ్ట్‌వేర్ సొంతవి ఒక వరస అని బిల్లు పుస్తకం వెనక రాసుకున్నాను. ఐదింటికి ఏ పేరూ లేదు, పేరు కొట్టించని గిన్నెల్లాగ.

గిన్నెలంటే నాన్న గుర్తొచ్చారు. పర్లాకిమిడిలో మా వీధి ఉమ్మడి సామాను మా వెనక గదిలోనే ఉండేది. నాలుగు ఇత్తడి గుండిగలు, రెండు గంగాళాలు, జంబుఖానాలు. ఎవరు పట్టుకెళ్లినా నోటుపుస్తకంలో పేరు, తిరిగిస్తే కొట్టివేత. ఒకసారి ఒకింటివాళ్లు “మా పనైపోయింది, గుండిగ అరుగు మీదుంది” అంటే నాన్న పేరు కొట్టేసి కళాయి వేసేవాణ్ణి పంపారు. ఈలోగా ఎదురింటివాళ్లు చెప్పాపెట్టకుండా దాన్ని తీసుకెళ్లి పొయ్యి మీద పెట్టేశారు. కళాయివాడు ఉత్తచేతులతో వచ్చాడు. నాన్న పుస్తకం పట్టుకుని వెళ్లి, “ఇదుగో, దీన్ని ఎవరూ వాడట్లేదు” అన్నారు, ఎదురుగా పప్పు కుతకుతలాడుతుంటే. అమ్మ చాన్నాళ్లు ఆ మాటే అని నవ్వేది.

ఇది టైప్ చేస్తూ ఆగిపోయాను.

విండోస్ దగ్గరా అలాంటి పుస్తకం ఉంది. రిజిస్ట్రీ అని విండోస్ తన సెట్టింగులన్నీ రాసుకునే చిట్టాలో, షేర్డ్‌డీఎల్ఎల్స్ అని. ఏదైనా సెటప్ నడిస్తే ఉమ్మడి ఫైలు పక్కన ఒకటి కలుపుతుంది, తీసేస్తే ఒకటి తగ్గిస్తుంది. సున్నా అయితే ఆ ప్రశ్న అడుగుతుంది. కార్డుల సాఫ్ట్‌వేర్‌కి నేను సెటప్ నడపలేదు. సీడీ గీతలు పడిపోయిందని, కొత్త మెషిన్ కొన్నప్పుడు ఫోల్డర్ మొత్తం పెన్‌డ్రైవ్‌లో వేసి తెచ్చాను. ఇన్నాళ్లూ బిల్లింగ్ దాని గుండిగలోనే మన పప్పు ఉడికింది, పుస్తకంలో మన పేరు లేకుండా. వాడు నిజంగా చదివి కొట్టినా యెస్సే కొట్టేవాడు.

అయినా సరే, చదవకుండా కొట్టాడు కదా.

ఆ ఫైలు దొరికింది గానీ సిస్టమ్32లో పెట్టి నలభై నిమిషాలు తగలేశాను. 64 బిట్ విండోస్‌లో 64 బిట్ ఫైళ్లు ఉండేది సిస్టమ్32లో, 32 బిట్‌వి సిస్‌వావ్64లో! ఈ పేర్లు పెట్టిన మహానుభావుడికి బారసాల ఎవరు చేశారో. మనది 32 బిట్‌ది. అక్కడికి మార్చి, ఫైలు పేరు విండోస్ చిట్టాలో ఎక్కించే రెగ్‌ఎస్‌వీఆర్32 నడిపితే ‘సక్సీడెడ్’ అంది. కార్డు తెరుచుకుంది.

పేరు లేని ఐదింటినీ ‘ఎవరివో’ అనే ఫోల్డర్లో పడేశాను. వీడు హాల్లో ఫ్యాను కింద గుర్రుపెడుతున్నాడు. రాత్రి అన్నం దగ్గర నేనన్న మాటలకి పెరుగు వేసుకోకుండానే లేచిపోయాడు. ఒడియా పక్క ప్రూఫ్ ఇంకా చూడలేదు. వాడు లేస్తే వాడిచేతే చదివించాలి, ఒడియా నాకంటే వాడికే బాగా వచ్చు.