పోతన ఎవరి మనిషి?

నిన్న హనుమకొండలో చెల్లె పెళ్లి. బంతిలో పప్పుచారు పోస్తుండగానే పోతనది ఏ ఊరని పంచాయితీ మొదలైంది. మా కడప బావ, "పోతన చెప్పిన ఏకశిలానగరం అంటే మా ఒంటిమిట్టే మామా. సీతారామలక్ష్మణులు ముగ్గురూ ఒక్క రాతిలో ఉంటారు, వచ్చి చూడండి" అన్నాడు. పెద్దనాయన ముద్ద పక్కకు పెట్టేశాడు. "ఓరుగల్లు అంటేనే ఒంటి రాయి అల్లుడూ! బమ్మెర ఈడికెళ్లి ఎంత దూరం, పా పోదాం. పోతన దున్నిన చెలక చూపిస్త."

గొడవ పాతదే. రాష్ట్రం విడిపోయాక దానికి కొత్త పదును వచ్చింది. భద్రాచలం తెలంగాణలో ఉండిపోయింది కాబట్టి 2015 నుంచి ఆంధ్ర ప్రభుత్వం శ్రీరామనవమి అధికారిక ఉత్సవాలు ఒంటిమిట్టలో చేస్తోంది. పండితుల తగవుకు సరిహద్దు రాయి దొరికినట్టయింది.

నాకు నవ్వూ వచ్చింది, చిరాకూ వేసింది. భాగవతాన్ని రాజుకు అంకితం ఇవ్వనన్నాడని చెప్పుకునే కవిని మనం తలా ఒక సర్కారుకు అంకితం ఇస్తున్నాం! నా మొగ్గు బమ్మెరకే, దాచుకోను. అందులో సొంతూరి పక్షపాతం ఎంతో నన్నడగొద్దు.

ఇంతలో బావ గజేంద్ర మోక్షం పద్యం ఎత్తుకున్నాడు. రెండో పాదం పెద్దనాయన అందుకున్నాడు. మూడో పాదంలో ఇద్దరూ ఒకేచోట తడబడి, ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. వడ్డించే పిల్లగాడు గరిటె పట్టుకుని అట్లే నిలబడ్డాడు.

పప్పుచారు చల్లారిపోయింది.