మూడో విగ్గు: ముంగురులు మళ్ళీ పైకి లేచాయి

శనివారం రాత్రి

కోసినప్పుడు కనుబొమ కిందికి 10 మిల్లీమీటర్లు దిగి ఉన్న ముంగురులు, విగ్గు తలకి పెట్టిన ఇరవై నిమిషాలకల్లా కనుబొమకి 4 మిల్లీమీటర్ల పైన తేలాయి. మొత్తం 14 మిల్లీమీటర్లు గల్లంతు. మధ్యలో కత్తెర తాకిందే లేదు. మూడో విగ్గు, మూడోసారీ అదే రోగం.

విగ్గు వివరం: 24 అంగుళాల తిన్నని సింథటిక్, వేడి తట్టుకునే రకం, మిషన్ కుట్టు టోపీ, నడినెత్తిన చిన్న స్కిన్ టాప్ (చర్మంలా కనపడే పాపిట ముక్క), ముందు లేస్ లేదు. చేయాల్సింది గడ్డం దాకా వచ్చే బాబ్, నుదురు కప్పే ముంగురులు. వెనకభాగం, చెంపలు బాగా కుదిరాయి. మెడ దగ్గర పొట్టిగా మొదలై ముందుకొచ్చేసరికి 4 సెంటీమీటర్లు పొడుగు, కుడి ఎడమల మధ్య తేడా 3 మిల్లీమీటర్లు దాటలేదు. వాటి గురించి ఇంతే.

మొదటి విగ్గు ఎందుకు పాడైందో తెలుసు. థర్మోకోల్ తల చుట్టుకొలత 52 సెంటీమీటర్లు, పెట్టుకునే తల 57. నుదురూ చిన్నదే. జుట్టు మొదలయ్యే గీత నుంచి కనుబొమ దాకా థర్మోకోల్ తలకి 56 మిల్లీమీటర్లు, అసలు తలకి 68. బొమ్మ కనుబొమ చూసి కోస్తే మనిషికి పొట్టి కాక ఏమవుతుంది? రెండోసారి ఆ తలకి పాత తువ్వాలు చుట్టి, పైన ప్యాకింగ్ టేపు బిగించి 57కి తేవడమైంది. కానీ ముంగురుల్ని తడిపి, వేళ్ళ మధ్య లాగిపట్టి కోయడంతో అదీ పోయింది. సింథటిక్ పోగు నీళ్ళు పీల్చదు. తడిపితే పోగులు ఒకదానికొకటి అతుక్కుని నుదుటికి పరుచుకుంటాయి, ఆరగానే లేస్తాయి.

ఈసారి ఆ రెండు తప్పులూ లేవు. పొడి జుట్టు, లావు చేసిన తల, వేళ్ళతో లాగకుండా దువ్వెన మీద ఆనించి కోత. 68కి 10 కలిపి 78 మిల్లీమీటర్ల దగ్గర. అయినా లేచాయి.

ఆదివారం

పోయిన 14 ఎక్కడికి పోయాయో లెక్క తీయడానికే రోజంతా సరిపోయింది.

మొదటి అనుమానం టోపీ మీద. విగ్గు అంచు తగిలేచోట నుదుటి మీద కాటుక పెన్సిల్‌తో మూడు చుక్కలు: నడుమ ఒకటి, కణతల దగ్గర చెరొకటి. ఇరవై నిమిషాల తర్వాత నడిమి చుక్క బయటపడింది, అంచు 5 మిల్లీమీటర్లు వెనక్కి జరిగింది. కణతల దగ్గర 2 మాత్రమే. వెనక ఎలాస్టిక్ కొక్కేలు చివరి గడిలో ఉన్నాయి. బిగిస్తే కదలదనుకుంటాం గానీ జరిగేది తిరకాసు. తల వెనక గుండ్రం కింద మెడ వైపు వాలు ఉంటుంది, బిగుతు టోపీ ఆ వాలులోకి జారుతూ ముందు అంచుని నడినెత్తి వైపు లాగేస్తుంది. కొక్కెం రెండు గడులు వదులు చేసి, లోపల వెల్వెట్ బ్యాండు కడితే జారుడు 1 మిల్లీమీటరుకి తగ్గింది. సిలికాన్ బ్యాండ్లని మెచ్చుకునేవాళ్ళు చాలామందే ఉన్నారు. విజయవాడ ఎండలో చెమట పట్టాక అవి సబ్బుబిళ్ళలా జారతాయి. వెల్వెట్టే నయం.

రెండోది అసలు దొంగ. మిషన్ కుట్టు టోపీలో ముందు వరస వెఫ్టుని, అంటే పోగుల్ని వరసగా కుట్టిన పట్టీని, కుట్టు కనపడకుండా వెనక్కి తిప్పి కుడతారు. అందుకని పోగు కుదురు దగ్గర ముందు పైకి లేచి, విల్లులా వంగి, అప్పుడు నుదుటి మీదికి దిగుతుంది. పక్కనుంచి స్కేలు పెట్టి చూస్తే ఆ వంపు టోపీ అంచు కంటే 12 మిల్లీమీటర్ల ఎత్తుంది. కోసేటప్పుడు ముంగురుల్ని దువ్వెనతో నుదుటికి అదిమి ఉంచడంతో వంపు అణిగింది, వదలగానే మళ్ళీ లేచింది. దారంతో వంపు వెంట కొలిస్తే, అణిచినప్పటికీ వదిలినప్పటికీ 6 మిల్లీమీటర్ల తేడా. టేపుతో నుదురు కొలిచేవాళ్ళంతా పడే గొయ్యి ఇదే. టేపు చర్మాన్ని అంటుకుని పోతుంది, జుట్టు గాల్లోంచి వస్తుంది.

5, 6 కలిపితే 11. మిగతా 3 ఊహే. కొరియర్ సంచిలో ముంగురులున్న చోటే మడత పడి ఉంది, పోగుల కొసలు కొంచెం లోపలికి వంకర తిరిగి ఉన్నాయి. అది కావచ్చు. లేదా ముందు వెఫ్టుల అడుగున ఉండే పొట్టి నొక్కుల జుట్టు పైపోగుల్ని ఎత్తుతూ ఉండవచ్చు. దాన్ని మొదటి వరసలో మాత్రం, సన్నమొన కత్తెరతో సగానికి సగం తీసేస్తే వంపు ఎత్తు ఒకటో రెండో మిల్లీమీటర్లు తగ్గింది. రెండో వరస జోలికి వెళ్తే అసలుకే ఎసరు, వెఫ్టు కుట్లు గీతలు గీతలుగా బయటపడతాయి.

మంగళవారం

వంపు అణచడానికి వేడి. నేరుగా విగ్గు మీద ప్రయోగం చేసే ధైర్యం లేక, కోసిన జుట్టులోంచి పెన్సిలంత లావు కుచ్చులు తీసి, ఎలాస్టిక్ ముక్కకి విగ్గులో ఉన్నట్టే వెనక్కి తిప్పి కుట్టి చూడటం. అన్నిటికీ మొదటి ఎత్తు 12 మిల్లీమీటర్లే.

హెయిర్ డ్రయ్యరు అర నిమిషం, తర్వాత క్లిప్పుతో అదిమి చల్లార్చితే 9. స్ట్రెయిట్‌నర్ 120 డిగ్రీల దగ్గర పెద్ద మార్పేమీ లేదు, మర్నాటికి 11. 150 దగ్గర 6. 170 దగ్గర ఎత్తు 5కి దిగింది గానీ మెరుపు చచ్చి, కొసలు పురికొసలా చిట్లాయి. ప్యాకెట్ మీద 180 దాకా ఫరవాలేదని రాసి ఉంది. ఆ అంకెని నమ్మకండి, ఏ విగ్గుకైనా ముందు మెడ దగ్గరి కుచ్చు మీద 20 డిగ్రీలు తక్కువతో మొదలుపెట్టండి. ఇంకో చిక్కు, స్ట్రెయిట్‌నర్ ప్లేటు కుదురుకి సెంటీమీటరు దూరంలోనే ఆగిపోవాలి. అంతకంటే దగ్గరికెళ్తే టోపీ ఎలాస్టిక్ కరుగుతుంది. వంపు మొదలయ్యేదేమో ఆ సెంటీమీటరులోనే.

ఆవిరే గెలిచింది. స్టీమ్ ఇస్త్రీపెట్టెని 5 సెంటీమీటర్ల ఎడంగా పట్టి 15 సెకన్లు ఆవిరి కొట్టి, వెంటనే తడి జేబురుమాలు మడతపెట్టి కుదుళ్ళ మీద అదిమి, రిబ్బనుతో తలకి బిగించి వదిలేయాలి. 40 నిమిషాల తర్వాత విప్పితే 4. ఇదే పని చేసి 5 నిమిషాలకే విప్పిన కుచ్చు గంటలో 8కి లేచింది. పోగు ప్లాస్టిక్కే కదా, వేడికి మెత్తబడుతుంది, ఏ ఆకారంలో చల్లారితే ఆ ఆకారమే పట్టుకుంటుంది. వేడి ఎంతన్నదాని కంటే చల్లారేదాకా కదపకుండా ఉంచామా లేదా అన్నదే తేల్చేస్తోంది. ఆవిరి కొట్టే చెయ్యి మాత్రం జాగ్రత్త, దువ్వెన పట్టుకున్న వేళ్ళే ముందు కాలతాయి.

గురువారం

ఇక పొట్టయిపోయిన ముంగురుల సంగతి. సింథటిక్ పెరగదు, కాబట్టి వెనకనుంచి అప్పు తేవాలి. మెడ దగ్గర అడుగు నుంచి రెండో వరస వెఫ్టులో 9 సెంటీమీటర్ల ముక్కని కుట్టు ఊడదీసే కొక్కెంతో విప్పి తీయడం. అడుగు వరసని ముట్టుకోకూడదు, జుట్టు పైకి కడితే ఖాళీ కనిపిస్తుంది. వెఫ్టు రెండు కొసలకీ ఫెవిక్రిల్ ఫ్యాబ్రిక్ గ్లూ చుక్క వేసి పూర్తిగా ఆరనివ్వాలి, లేకపోతే పోగులు రాలుతూనే ఉంటాయి. తర్వాత దాన్ని ముందు అంచుకి 8 మిల్లీమీటర్ల వెనక, మొదటి వరస కింద, ఈసారి ముందుకే వాలేటట్టు కుట్టడం. వంకీ సూది, నైలాన్ దారం, కుట్టుకి కుట్టుకి 5 మిల్లీమీటర్లు, మూడు కుట్లకొక ముడి. తల మీద బిగించి కుడితేనే టోపీ గుంజుకోదు. బల్ల మీద పరిచి కుడితే పెట్టుకున్నప్పుడు ముడతపడుతుంది.

మళ్ళీ కోతకి వరస తిరగేశాక పని నడిచింది. ముందు ఆవిరి. చల్లారాక విగ్గు పెట్టుకుని అరగంట మామూలుగా తిరగడం. టోపీ ఎక్కడ స్థిరపడాలో అక్కడ పడ్డాక, అద్దం ముందు ముంగురుల మీద అడ్డంగా, సరిగ్గా కనుబొమల వరసన, కాగితం మైక్రోపోర్ టేపు అంటించడం. అదిమి కాదు, వంపు అలాగే ఉంచి తేలిగ్గా. అప్పుడు విగ్గు తీసి స్టాండుకి ఎక్కించి టేపుకి 20 మిల్లీమీటర్ల కింద కోత. బొమ్మ తల కొలతతో ఇక పనే లేదు, గీత అసలు నుదుటి మీద పడిందే. పైగా కంటి ఎదురుగా కత్తెర మొన ఆడించే అవసరమూ తప్పింది.

టేపు ఊడదీసి మళ్ళీ పెట్టుకుని, గంట ఆగి, కత్తెర నిలువుగా పట్టి మొనతో 10 మిల్లీమీటర్లు. మిగిలిందాంట్లో 5 మర్నాడు. చివరి 5 ముట్టుకోలేదు. ఇప్పుడు కనుబొమ కిందికి 4 మిల్లీమీటర్లు ఉన్నాయి, రెండ్రోజులుగా కదల్లేదు.

కత్తెరల మీద ఒక మాట. సింథటిక్ మీద రేజర్ దువ్వెన వద్దే వద్దు. పోగుని గీరుతుంది, వారంలో ఆ కొసలు చింపిరిగా తయారవుతాయి. థిన్నింగ్ కత్తెర, అంటే జుట్టు పలచన చేసే పళ్ళ కత్తెర, చివరి 4 సెంటీమీటర్లలోనే. కుదుళ్ళ దగ్గర వేస్తే పొట్టి ముక్కలు పైపోగుల్లోంచి పందిముళ్ళలా పొడుచుకొస్తాయి. ఆరు అంగుళాల మామూలు హెయిర్ కత్తెర చాలు, కానీ దాంతో కాగితం కోయనివ్వకండి. ఇంట్లో ఎవరు అడిగినా సరే. దువ్వెనలకి, సెక్షన్ క్లిప్పులకి వేగా బ్రాండు సరిపోతుంది. స్ప్రేల్లో గాట్ టు బి గ్లూడ్ రాయిలా పట్టుకుంటుంది, నిలబడే జుట్టుకే అది. ముంగురులకి ఎల్నెట్ నయం, దువ్వితే రాలిపోతుంది.

మిగిలిన గొడవ: బరువు. పాత ముంగురులు మూడు వెఫ్టులవి, ఇప్పుడు నాలుగయ్యాయి. నుదుటి మీద తలుపు ముందు పట్టాలా ఉంది. ముంగురుల కోసం విడదీసిన ముక్కోణం శిఖరం ముందు అంచుకి 7 సెంటీమీటర్ల వెనక మొదలైంది, అది ఎక్కువ. 5.5 చాలు. పైన ఉన్న మూడో వెఫ్టుని ముంగురుల్లోంచి వెనక్కి పంపాలంటే దాని పొడుగు ఇప్పటికే పోయింది, మిగతా జుట్టులో ఎక్కడా కలవదు. లోపలి పొరలోంచి థిన్నింగ్ కత్తెరతో ఒక్కోచోట రెండేసి కోతలు, దువ్వి చూడటం, మళ్ళీ రెండు. ఇప్పటికి ఐదో వంతు తగ్గింది. ఇంకా తగ్గిస్తే స్కిన్ టాప్ పాపిట దగ్గర రెండుగా చీలుతుందేమోనని భయం. అక్కడ జుట్టు కుడి ఎడమలకి వాల్చి ముడేసి ఉంది, 2 సెంటీమీటర్ల మేర ఇప్పుడే నోరు తెరుస్తోంది. పాపిటని తిన్నగా కాక వంకరటింకరగా తీసి ఆవిరి కొడితే మూతపడవచ్చు. కణత దగ్గర ముంగురులు చెంపజుట్టులో కలిసేచోట మెట్టు కూడా అలాగే ఉంది.

స్థిర విద్యుత్తు బాధకి అరలీటరు నీళ్ళలో ఒక మూత కంఫర్ట్ కలిపి కొడితే సరి.

తర్వాతి విగ్గు కామిక్ కాన్‌కి, అంటే వేషాలేసుకుని వెళ్ళే కామిక్స్ జాతరకి. లేస్ ఫ్రంట్ (ముందు అంచున సన్నని వలకి పోగుల్ని ముడేసిన విగ్గు) తీసుకోవాలి, ముడులు ముందుకే వేసి ఉంటాయి కాబట్టి వంపు బెడద తక్కువ. ధర మాత్రం ముంగురుల కోసం పెట్టేంత ధర కాదు. ఇంకో ఆలోచన అసలు జుట్టు విగ్గు. తిరుమల తలనీలాల్ని పొడుగుని బట్టి వేరుచేసి ఈ-వేలంలో అమ్ముతారు, అన్నిటికంటే పొడుగుది మొదటి రకం. గుండు చేసినప్పుడు కుదురు ఒకవైపు, కొస ఒకవైపు ఉండేలా కట్టలు కడితే వెంట్రుకల మీది సన్నని పొలుసులన్నీ ఒకే దిక్కుకి ఉంటాయి, చిక్కుపడదు. రెమీ అనేది దాన్నే. చిక్కేంటంటే అసలు జుట్టుకి ఆవిరి ఆకారం తలస్నానంతో పోతుంది, ముంగురుల్ని ప్రతిసారీ మళ్ళీ అణచాలి. తడిసినప్పుడు సాగి, ఆరాక పొట్టవుతుంది కూడా, కాబట్టి కోత పొడిగానే.

కోసిన 14 అంగుళాల జుట్టు సంచిలో ఉంది, 110 గ్రాములు. సత్యభామ జడకి సవరం కింద పాయల్లో కలపాలని ఉంది, కానీ రంగు మరీ నలుపు, మీద కుప్పెలు పెడితే ఆ తేడా కనపడదేమో. ఈ ఆదివారం ముందు ఆ పాపిట సంగతి చూడాలి.