మా జేజి పేరు

మా జేజి పేరు దస్తగిరమ్మ. మాది కడప దగ్గర పల్లె. నుదుట రూపాయి బిళ్లంత బొట్టు లేనిదే ఆమె గడప దాటేది కాదు. అయినా పేరు వినగానే "మీరు సాయిబులా?" అని అడిగేవాళ్లు. "మా యమ్మకు ముగ్గురు బిడ్డలు దక్కలేదు నాయనా, దర్గాలో మొక్కుకుంటే నేను నిలిచినా" అనేది. నాకూ అంతవరకే తెలుసు.

మొన్న మా వీధిలో ఉండే ఉర్దూ సారు అసలు అర్థం చెప్పారు. పారసీలో దస్త్ అంటే చెయ్యి, గీర్ అంటే పట్టుకునేది. దస్తగీర్ అంటే చెయ్యి పట్టుకుని ఆదుకునేవాడు. 12వ శతాబ్దంలో బాగ్దాదులో ఉన్న సూఫీ గురువు అబ్దుల్ ఖాదిర్ జీలానీని భక్తులు అలా పిలుచుకుంటారట. ఆ దస్త్ మన దస్తావేజులో ఉంది, ఆ గీర్ జాగీరులో ఉంది! మనవాళ్లు దానికి 'అమ్మ' చేర్చి ఎంత చక్కగా ఇంటిపిల్లను చేసుకున్నారో. అనంతపురం వైపు కుళ్లాయప్పలు, నెల్లూరు మస్తానమ్మలు కూడా ఇలా వచ్చినవాళ్లే.

ఇంటికొచ్చి ట్రంకు పెట్టెలోంచి పాత పొలం దస్తావేజు తీశాను. చివరి పేజీలో కాస్త అలికిపోయిన నీలం వేలిముద్ర. పక్కన "దస్తగిరమ్మ నిశాని" అని లేఖరి రాత. నిశాని కూడా పారసీ మాటే.

చాలాసేపు ఆ ముద్ర మీద వేలు పెట్టుకుని కూర్చున్నా. వానాకాలంలో వాగు పొంగితే, పచ్చబొట్టున్న ఆ చెయ్యే నన్ను పట్టుకుని బడికి దాటించేది.