కుక్కర్ విజిల్‌కి భయపడిన రోజులు

గిన్నెల బుట్టలోంచి గరిటె తీస్తుంటే పక్కనున్న గ్లాసుకు తగిలి ఠంగుమంటుంది కదా, ఆ చప్పుడుకి నా చెవిలో సూది దింపినట్టుండేది. నిజంగానే నొప్పి పుట్టేది. దవడ దాకా పాకి, అరగంటైనా తగ్గేది కాదు.

ఇదంతా ఒక పెళ్లి ఊరేగింపుతో మొదలైంది. రెండు గంటలు డీజే బాక్సుల పక్కనే నడిచాను. ఆ రాత్రి చెవుల్లో గుయ్‌మని ఒకటే మోత. రెండు మూడు రోజుల్లో మోత తగ్గింది గానీ, తర్వాత మామూలు చప్పుళ్లే భరించలేకపోయాను. మాది విజయవాడ సత్యనారాయణపురం. తలుపులన్నీ వేసుకున్నా, బీఆర్‌టీఎస్ రోడ్డు మీద ఆటో హారన్ మోగితే ఉలిక్కిపడేదాన్ని. స్కూల్లో లెక్కలు చెప్తాను. గంట కొట్టే టైముకు ముందే చెవులు మూసుకునేదాన్ని. చివరికి సెలవు పెట్టాను.

మొదట చూపించుకున్న చోట వినికిడి పరీక్ష చేసి, "అంతా నార్మలేనమ్మా, టెన్షన్ తగ్గించుకోండి" అన్నారు. రిపోర్టు బాగుందంటే ఇక చుట్టాల దృష్టిలో నేను నటిస్తున్నట్టే. అమ్మ మాత్రం నమ్మింది. తెనాలి నుంచి వచ్చి, స్టీలు కంచాలన్నీ అటకెక్కించి విస్తరాకుల్లో అన్నం పెట్టింది. కుక్కర్ మానేసి గిన్నెలో వండేది. గంజి వార్చేటప్పుడు మూత గిన్నెకు తగలకుండా మధ్యలో గుడ్డ పెట్టి పట్టుకునేది. పాపకి అప్పుడు నాలుగేళ్లు. దాని పట్టీలు తీసేశాం. ఒకరోజు టీవీ చూస్తూ నవ్వొచ్చి, రెండు చేతులతో నోరు మూసుకుని భయంగా నా వైపు చూసింది. ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

రెండోసారి ఒక ఆడియాలజిస్ట్, అంటే వినికిడి సమస్యలు చూసే నిపుణురాలి దగ్గరికి వెళ్లాం. ఆవిడ హెడ్‌ఫోన్స్ పెట్టి, శబ్దం కొంచెం కొంచెంగా పెంచుతూ, ఇబ్బంది అనిపించగానే చెయ్యెత్తమన్నారు. మామూలుగా చాలామంది 100 డెసిబెల్స్ దాకా తట్టుకుంటారట. నేను 60 దగ్గరే ఎత్తేశాను. ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకునే మాటే దాదాపు అంత ఉంటుంది. దీని పేరు హైపరాక్యూసిస్ అన్నారు. వినికిడి పరీక్షలో చెవికి వినపడే అతి చిన్న శబ్దం ఎంతో చూస్తారు, ఎంత శబ్దం భరించగలమో చూడరు. అందుకే మొదటి రిపోర్టు నార్మల్ అని వచ్చింది. నాలాంటి బాధ ఉన్నవాళ్లు ఈ రెండో పరీక్ష గురించి అడిగి తీరాలి.

ఆవిడ ముందు నా చెవుల్లోని దూది తీయించారు. అప్పటికి మూడు నెలలుగా, నిద్రలో కూడా, దూది పెట్టుకునే ఉన్నాను. బయటి శబ్దం అందకపోతే మెదడు లోపల వాల్యూమ్ పెంచుకుంటుందట. చెవులు మూసుకున్న కొద్దీ నా బాధ పెరిగింది అందుకేనని అప్పుడర్థమైంది. బాణసంచా, డ్రిల్లింగ్ లాంటి పెద్ద మోతల దగ్గర తప్ప చెవుల్లో ప్లగ్స్ కూడా వద్దన్నారు. వాన హోరులాంటి శబ్దం, వినీ వినపడనంత, రోజూ కొన్ని గంటలు వినమన్నారు. ఓపిక పట్టి దాన్నే కాస్త కాస్త పెంచుకుంటూ పోవాలి. కౌన్సెలింగ్‌కి కూడా వెళ్లాను. మొదటి రెండు నెలలు ఏ మార్పూ లేదు. మానేద్దామనుకున్నాను కూడా.

ఆగస్టులో కృష్ణకు వరదొచ్చి ప్రకాశం బ్యారేజీ గేట్లు ఎత్తారు. మా ఆయన బండి మీద తీసుకెళ్లారు. దూరంగానే ఆపమన్నాను. నేను ఫోన్లో రోజూ వినే హోరే, కాకపోతే ఏరంతా నిండిన హోరు. చీర కొంగు చెవుల మీదికి లాక్కుని నిలబడ్డాను. కాసేపటికి కొంగు వదిలేశాను. నొప్పి రాలేదు. "ఇంకాస్త ముందుకెళ్దామండీ" అని నేనే అడిగాను. ఆయన మాట్లాడకుండా బండి స్టార్ట్ చేశారు.

ఏడాదిన్నర అయింది. మళ్లీ స్కూలుకి వెళ్తున్నాను. ఊరేగింపు ఎదురైతే సందు మారతాను. దీపావళికి తెనాలి వెళ్లి అమ్మ దగ్గర లోపలి గదిలో ఉంటాను. పాప పట్టీలు కాలికి చిన్నవైపోతే, ఈసారి మువ్వలు ఎక్కువున్నవి అదే ఎంచుకుంది. పోయిన నెల అటక మీద నుంచి కుక్కర్ దింపాను. మూడు విజిల్స్ వరకూ వంటింట్లోనే నిలబడతాను. పప్పుకి ఇంకోటి కావాలంటే మాత్రం మా ఆయన్ని పిలిచి, నేను వరండాలోకి వస్తాను.