స్థలం గొడవ, స్టేషన్ పంచాయితీ: గోరంట్ల ప్లాటు విషయంలో నా అనుభవం

నిన్న సాయంత్రం తాత్కాలిక ఇంజంక్షన్ ఆర్డర్ (దావా తేలేవరకు అవతలివాళ్లని ఆపే కోర్టు ఉత్తర్వు) కాపీ చేతికొచ్చింది. అన్నీ గుర్తుండగానే రాసేస్తున్నాను. గుంటూరు చుట్టుపక్కల ఖాళీ ప్లాట్లున్నవాళ్లకి పనికొస్తుంది.

గోరంట్లలో 200 గజాలు. పక్కవాళ్లు మా తూర్పు హద్దు రాళ్లు రెండు పీకేసి, ఆరడుగులు లోపలికొచ్చి పునాది తవ్వారు. ఈసీ (స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్ల జాబితా), లింకు డాక్యుమెంట్లు (పాత యజమానుల దస్తావేజులు), ఖాళీ స్థలం పన్ను రసీదులు ఒక్క రోజులో పోగయ్యాయి. నలిగిపోయింది స్టేషన్లోనే.

మొదటి ఫిర్యాదులో "నా స్థలం ఆక్రమించారు, ఇప్పించండి" అని రాశాను. అలా రాయకూడదు. స్థలం ఎవరిదో తేల్చే అధికారం పోలీసులకి లేదు. ఆ వాక్యం చూడగానే "ఇది సివిల్, కోర్టుకెళ్లండి" అంటారు, అంతవరకు వాళ్ల మాట న్యాయమే. వాళ్లు చూడాల్సింది నేరం. ఏ తేదీన, ఎన్ని గంటలకి, ఎవరు రాళ్లు పీకారు, అడిగితే ఏమని బెదిరించారు, చూసిందెవరు, ఇవీ రాయాల్సినవి. బీఎన్ఎస్ (ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహిత) 329 కింద అక్రమ ప్రవేశం అంటే స్వాధీనంలో ఉన్న మనిషి మీద జరిగిన నేరం. కాబట్టి దస్తావేజు నంబరుకంటే ముందు కంచె, బోరు, పన్ను రసీదు, తేదీలున్న ఫొటోలు చెప్పాలి. నేను ఏటా సంక్రాంతికి నాలుగు మూలలా ఫొటోలు తీసి పెట్టుకున్నాను, కోర్టులో అవే నిలబడ్డాయి.

ఇక అసలు బాధ. సివిల్ అని తోసేసినవాళ్లే మర్నాడు ఇద్దరినీ పిలిచి పంచాయితీ పెట్టారు. పొద్దున పది నుంచి రెండున్నర దాకా నిలబెట్టారు. అవతలివాళ్లకి కుర్చీలు. చివరికి ఒక తెల్లకాగితం ముందుకు తోశారు. "సర్వే అయ్యేవరకు ఉభయులం సదరు స్థలంలోకి వెళ్లము" అని నీలం సిరాతో అప్పటికే రాసుంది, సంతకమే తక్కువ. వినడానికి సమానంగా ఉంటుంది. కానీ స్వాధీనంలో ఉన్నది మనం. వెళ్లనని సంతకం పెడితే స్వాధీనం మన చేత్తో మనం వదులుకున్నట్టే. రేపు కోర్టులో ఆ కాగితమే మన మీద చూపిస్తారు. ఎవరూ స్థలంలోకి వెళ్లొద్దని ఆపే అధికారం సివిల్ కోర్టుకుంది. శాంతిభద్రతల ముప్పుంటే, పోలీసు రిపోర్టు మీద బీఎన్ఎస్ఎస్ (సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) 164 కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటుకుంది. పాత సీఆర్‌పీసీలో 145 సెక్షనే అది. అక్కడ కూడా తేల్చేది స్వాధీనమే, హక్కు కాదు. ఎస్సై నోటిమాటకి ఆ బలం లేదు.

సంతకం పెట్టలేదు. "రాతపూర్వకంగా నోటీసివ్వండి, జవాబిస్తాను" అని చెప్పి వచ్చేశాను. అదే ఫిర్యాదును బీఎన్ఎస్ఎస్ 173(4) కింద ఎస్పీకి రిజిస్టర్డ్ పోస్టులో పంపాను. విజయవాడలో అయితే కమిషనర్‌కి పంపాలి. అక్కడా కదలకపోతే మేజిస్ట్రేటు దగ్గరికి వెళ్లొచ్చు. మాకు ఆ అవసరం రాలేదు, ఎఫ్ఐఆర్ అయింది. కాపీ ఉచితంగా ఇవ్వాలి, అడిగి తీసుకోండి. ఎవరిచేతో ఫోన్ చేయిస్తామనే పెద్దమనుషుల్ని దగ్గరికి రానివ్వకండి. అవతలివాళ్లకీ అలాంటి ఫోన్లే ఉంటాయి.

కోర్టులో దావాతోపాటు సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 39, రూల్ 1, 2 కింద ఇంజంక్షన్ పిటిషన్ వేశాం. అవతలివాళ్లకి నోటీసు లేకుండా ఆర్డరొస్తే, పిటిషన్, అఫిడవిట్, దావా, డాక్యుమెంట్ల కాపీలు వాళ్లకి వెంటనే పంపి, పంపినట్టు అఫిడవిట్ అదే రోజుగానీ మర్నాడుగానీ కోర్టులో వెయ్యాలి. రూల్ 3 అది. తప్పితే అవతలి లాయరు ఆర్డర్ కొట్టేయించడానికి దాన్నే పట్టుకుంటాడు. ఇప్పటికే బయటికి గెంటేసుంటే మాత్రం దారి వేరు: స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 6 కింద ఆరు నెలల్లోపు దావా వేస్తే, హక్కు రుజువు చేయక్కర్లేకుండానే స్వాధీనం అడగొచ్చు.

ఆర్డరొచ్చింది కదా అని పోలీసులు వాళ్లంతట వాళ్లు కాపలాకి రారు. ఉల్లంఘిస్తే ఆర్డర్ 39లోనే రూల్ 2ఏ పిటిషన్, రక్షణ కావాలంటే సీపీసీ సెక్షన్ 151 కింద పోలీస్ ఎయిడ్ పిటిషన్, రెండూ అదే కోర్టులో వెయ్యాలి. ఈ పొద్దున ఆర్డర్ కాపీ స్టేషన్లో ఇచ్చి, రెండో కాపీ మీద ముద్ర, తేదీ వేయించుకున్నాను.